దావా కొట్టేస్తే భూమి పోయినట్టేనా?

"మన దావా కోర్టువారు కొట్టేశారట" అని కబురు వస్తే చాలు, అంతా అయిపోయిందని కూలి జనం తలలు పట్టుకు కూర్చుంటారు. అవతల భూస్వామి మర్నాడే ట్రాక్టరు తోలిస్తాడు. మనకింకా ముప్పయి రోజుల వ్యవధి ఉందన్న సంగతి చాలామందికి తెలియదు. అది చెప్పడానికే ఇది రాస్తున్నాం.

కొట్టేయడంలో రెండు రకాలున్నాయి. సాక్ష్యాలు విని, కాగితాలు చూసి, నీకు హక్కు లేదని తీర్పు చెప్పడం ఒకటి. పేరు పిలిచిన వేళకు వాది గానీ అతని ప్లీడరు గానీ పలక్కపోతే కొట్టేయడం ఇంకొకటి. ఈ రెండో దాంట్లో భూమి ఎవరిదో కోర్టు తేల్చనే లేదు. అయినా "కోర్టులో నేనే గెలిచాను" అని పెత్తందారు ఊరంతా చాటించుకుంటాడు. దావాతోపాటు మన సాగుకు అడ్డు రాకుండా తెచ్చుకున్న తాత్కాలిక ఇంజంక్షను కూడా పోతుంది. వాడికి కావలసిందీ అదే.

1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్, తొమ్మిదవ ఆర్డరులో ఇదంతా ఉంది. ఇరుపక్షాలూ రాక దావా పోతే, కాలదోషం పట్టకుండా ఉంటే కొత్త దావా వేసుకోవచ్చు. ప్రతివాది వచ్చి మనం రాకపోతే మాత్రం ఎనిమిదవ రూలు తగులుతుంది. అప్పుడు అదే కారణం మీద కొత్త దావాకు వీల్లేదు. ఎందుకు రాలేకపోయామో తగిన కారణం చూపి, పాత దావానే తిరిగి ఫైలుకు తీసుకోమని తొమ్మిదవ రూలు కింద దరఖాస్తు పెట్టుకోవాలి. భూస్వామి ప్లీడరు వాయిదా తప్పడు గనక, మనవాళ్ళకు తగిలేది ఎక్కువగా ఈ ఎనిమిదవ రూలే.

దరఖాస్తుకు గడువు 30 రోజులు. 1963 లిమిటేషన్ చట్టం ప్రకారం ఆ లెక్క కొట్టేసిన రోజునుంచే మొదలవుతుంది, మనకు తెలిసిన రోజునుంచి కాదు. ఇదెక్కడి న్యాయమో గానీ చట్టం అలాగే ఉంది. గడువు దాటితే ఆలస్యాన్ని మన్నించమని 5వ సెక్షన్ కింద అడగవచ్చు. కారణం జడ్జిగారు నమ్మాలి మరి.

వాయిదాకు రాకపోతే నిర్లక్ష్యం అంటారు. నాట్ల రోజుల్లో వాయిదా పడితే రోజు కూలి పోతుంది, బస్సు చార్జీ కావాలి, గుమస్తా చేతిలో ఏదో పెట్టాలి. తీరా వెళితే జడ్జిగారు సెలవంటారు. పదిసార్లు ఇలా తిరిగినవాడు పదకొండోసారి మిరప కోతకు పోతే, సరిగ్గా ఆరోజే పిలుపొస్తుంది. వలస పోయినవాళ్ళ సంగతి చెప్పనక్కర్లేదు.

ప్లీడరు రాక పోయిన కేసులూ ఉన్నాయి. రఫీక్, మున్షీలాల్‌ల కేసులో అలహాబాదు హైకోర్టులో అప్పీలు అలాగే పోయింది. ప్లీడరు చేసిన తప్పుకు, అతన్ని నమ్మి ఊళ్ళో ఉన్న కక్షిదారు నష్టపోకూడదని 1981లో సుప్రీంకోర్టు చెప్పి, అప్పీలును మళ్ళీ వినమంది. మన దరఖాస్తుల్లో ఈ తీర్పు ఎత్తిచూపాలి. అయితే తన కేసు తాను కనిపెట్టుకోవద్దా అని కక్షిదారును నిలదీసిన తర్వాతి తీర్పులూ లేకపోలేదు. కనక దాన్నొక్కదాన్నే నమ్ముకు కూర్చోరాదు.

ప్లీడరుకు డబ్బు లేదంటారా? 1987 న్యాయ సేవల చట్టం కింద ఆడవాళ్ళకూ, షెడ్యూల్డు కులాల, తెగల వాళ్ళకూ ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా ప్లీడరునివ్వాలి. కోర్టు ఆవరణలోనే అడగండి.

ప్రతి ఊరి సంఘమూ ఒక వాయిదాల పుస్తకం పెట్టాలని మా మనవి. దావా నంబరు, కోర్టు పేరు, కేసుకిచ్చే పదహారు అక్షరాల నంబరు అందులో ఎక్కించాలి. ఆ నంబరుతో సెల్‌ఫోన్‌లోనే వాయిదా చూడొచ్చు, చదువుకునే పిల్లలు చూసిపెడతారు. ఇంకొకటి. పదిమంది కలిసి వేసిన దావాలో ఒక్కరు హాజరై అడిగినా, అందరూ వచ్చినట్టే దావా నడిపించడానికి పదవ రూలు కింద కోర్టుకు అధికారముంది. వాయిదాకొకరు వంతు పెట్టుకోండి. వెళ్ళినవాడి కూలీ, బస్సు చార్జీ మిగతా తొమ్మిదిమందీ వేసుకోండి. నాట్లు మొదలయ్యేలోపే ఈ వంతులు పుస్తకంలో రాసి పెట్టుకోవాలి.