అరువు బాకీకి ఆయుర్దాయం మూడేళ్లే

గుంటూరు మిర్చి అయినా, దుగ్గిరాల, నిజామాబాద్ పసుపు అయినా, దూరపు మార్కెట్లకు అరువు మీద వెళ్లే సరుకు తక్కువేమీ కాదు. ధర ఫోన్‌లో ఖాయమవుతుంది, లారీ కదులుతుంది, సొమ్ము మాత్రం "వచ్చే వారం" అన్న మాట మీద నిలిచిపోతుంది. గట్టిగా అడిగితే పార్టీ చేజారుతుందని అమ్మకందారు మొహమాటపడతాడు. దళారి ఇద్దరికీ సర్దిచెబుతాడు. అలా రోజులు గడిచేకొద్దీ బలం పుంజుకునేది కొనుగోలుదారే.

1963 నాటి కాలపరిమితి చట్టం ప్రకారం, గడువేమీ పెట్టకుండా అమ్మిన సరుకు తాలూకు సొమ్ముకు, సరుకు అప్పగించిన నాటినుంచి మూడేళ్లలోగా దావా వేయాలి. గడువు పెట్టి ఉంటే, ఆ గడువు తీరిన నాటినుంచి మూడేళ్లు లెక్క. 2024 మార్చి 1న 30 రోజుల గడువు మీద సరుకు అప్పగించి ఉంటే ఆ గడువు మార్చి 31న తీరుతుంది. దావాకు 2027 మార్చి 31 వరకే వ్యవధి. ఆ తర్వాత బాకీ ఎంత నిజమైనదైనా కాలదోషం పట్టినట్లే.

"ఖాతా నడుస్తూనే ఉన్నది కదా" అన్న ధీమా చాలామందికి ఉన్నది. ఇది ప్రమాదకరమైన ధీమా. ఇరుపక్షాలకూ ఒకరిపై ఒకరికి బాకీలు ఏర్పడే పరస్పర ఖాతాకే చట్టం వేరే లెక్క చెబుతుంది. ఒకరు అమ్మడం, మరొకరు కొనడం మాత్రమే జరిగే ఖాతాకు అది వర్తించదు. పైగా సొంత పుస్తకంలోని పద్దు ఒక్కటే చూపి బాకీ రుజువైనదనడానికి వీలు లేదు. దానికి తోడు ఆర్డరు, బిల్లు, కాటా చీటీ, సరుకు ముట్టినట్లు సంతకం పడిన లారీ రశీదు ఉండాలి.

దావా పడగానే కొనుగోలుదారు సాధారణంగా ఎత్తుకునే వాదన "సరుకు నాసిరకం, తేమ ఎక్కువ" అన్నది. సరుకు అందుకుని, సమంజసమైన వ్యవధి దాటినా తిరస్కరిస్తున్నట్లు తెలియజేయకుండా అట్టిపెట్టుకున్నవాడు దానిని అంగీకరించినట్లేనని 1930 నాటి సరుకుల విక్రయ చట్టం చెబుతున్నది. అయినా నాణ్యత లోపాన్ని రుజువు చేసి ధర తగ్గించమని అడిగే హక్కు అతనికి మిగిలే ఉంటుంది. కనుక లోడింగు నాడే తీసి, సీలు వేసి ఉంచిన శాంపిల్ తర్వాత ఎంతో అక్కరకు వస్తుంది. వడ్డీ రేటు కూడా ఒప్పందంలోనే ఉండాలి. లేకపోతే ఎంత ఇప్పించాలన్నది కోర్టు విచక్షణకు పోతుంది.

రూ. 3 లక్షలు, అంతకు మించిన వాణిజ్య దావాలలో, అత్యవసర ఉత్తర్వులు కోరని పక్షంలో, ముందుగా మధ్యవర్తిత్వానికి వెళ్లడం తప్పనిసరి అని 2022లో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. మధ్యవర్తిత్వానికి పట్టిన కాలాన్ని మూడేళ్ల లెక్కనుంచి మినహాయిస్తారు గనుక దీనికి జంకనక్కరలేదు. వ్రాతపూర్వక ఒప్పందం గాని, హుండీ గాని ఉంటే సంక్షిప్త విచారణ దావాకు అవకాశమున్నది. అందులో ప్రతివాది కోర్టు అనుమతి పొందితేగాని వాదించలేడు. చెక్కు తిరిగివస్తే, ఆ సంగతి బ్యాంకు తెలిపిన 30 రోజులలోగా నోటీసు ఇవ్వాలి. నోటీసు అందిన 15 రోజులలో సొమ్ము రాకపోతే, ఆపై నెలలోగా ఫిర్యాదు చేయాలి.

దావాకు ఖర్చు ఉన్నది, జాప్యమూ ఉన్నది. పాత పార్టీని కోర్టుకు లాగడం ఏ వర్తకునికీ ఇష్టం కాదు. కాని ఏటా లెక్కలు ముగించేటప్పుడు బాకీ నిజమేనని కొనుగోలుదారు చేత సంతకం చేయించుకోవడానికి దావాతో పని లేదు. వ్యవధి తీరకముందే పడిన ఆ సంతకం నాటినుంచి మూడేళ్లు మళ్లీ మొదలవుతాయి. సొమ్ము ఇచ్చే ఉద్దేశమున్నవాడు దానికి వెనుకాడడు. వెనుకాడినవాడికి మరో లారీ పంపకుండా, అదే వారం వకీలును కలవడం మేలు.