పాలపళ్లూ, బాంబులూ

మాస్టరు వుద్యోగంలో ఒక సుఖం వుంది. జవాబు తెలియని ప్రశ్న ఎదురైనప్పుడు "కూర్చో" అనవచ్చు. ఇరవై ఏళ్లుగా కాలేజీలో తెలుగు చెబుతూ ఈ సౌకర్యాన్ని నేను చాలాసార్లే వాడుకున్నాను. పోయిన వారం కూడా వాడుకున్నాను. కాని ఈసారి ఆ మాట నన్ను ఇంటిదాకా వెంటాడింది.

ఆ రోజు క్లాసులో అహింస మీద వ్యాసం రాయించాలి. అలవాటు ప్రకారం బుద్ధుడితో మొదలుపెట్టి గాంధీగారి దాకా వచ్చాను. వెనక బెంచీలోంచి ఒక కుర్రవాడు లేచాడు.

"అహింసకి ఎదుటివాడు ఎదురుగా వుండాలి గదా సార్! బాంబు వేసేవాడు ఎక్కడో వేల మైళ్ల అవతల కూర్చుని మీట నొక్కుతాడు. మనం ఎవరి ముందు కూర్చుని వుపవాసం చేయాలి?"

క్లాసంతా గొల్లుమంది. నాకు ముచ్చెమటలు పోశాయి. "తెలివితేటలు చాలు, కూర్చో" అన్నాను. కూర్చున్నాడు. వాడి ముఖం ఇంత చిన్నదైపోయింది. అహింసను గురించి పాఠం చెబుతూనే నేను చేసిన ఘనకార్యం ఇది!

ఇంటికి వచ్చేసరికి అక్కడ పెద్ద సంరంభం. మా చిన్నమ్మాయికి పాలపన్ను వూడింది. పేడముద్దలో పెట్టి ఇంటికప్పు మీదికి విసరాలని మా అమ్మ పట్టు. మూడో అంతస్తు వాటాలో పేడెక్కడ, పెంకుటికప్పెక్కడ? చివరికి తులసికుండీలోని మట్టితో రాజీ కుదిరింది. నాయనమ్మ చెప్పినట్టే పిల్ల విసిరింది. పన్ను వెళ్లి స్కూటర్లు పెట్టుకునే రేకుల షెడ్డు మీద టంగున పడింది. ఆ చప్పుడుకి నాకు ఎప్పుడో చదివిన సంగతి ఒకటి గుర్తుకు వచ్చింది.

అమెరికాలో సెయింట్ లూయిస్ అనే నగరం వుంది. 1958 డిసెంబరులో ఆ వూరి శాస్త్రజ్ఞులూ, సామాన్య గృహస్థులూ కలిసి ఒక విచిత్రమైన పని తలపెట్టారు. పిల్లలకు వూడిన పాలపళ్లను పారేయకుండా తమకు పంపమని తల్లులను అడిగారు. పన్ను ఇచ్చిన ప్రతి పిల్లకూ చొక్కాకు తగిలించుకునే బిళ్ల ఒకటి బహుమానం. లూయీజ్ రైస్ అనే డాక్టరమ్మ ఈ పనిని ముందుండి నడిపించింది.

పళ్లెందుకు? ఆ రోజుల్లో పెద్ద దేశాలు అణుబాంబులను గాలిలోనే పేల్చి పరీక్షించేవి. ఆ ధూళిలో స్ట్రాన్షియం-90 అనే పదార్థం వుంటుంది. అది గాలిలో దేశదేశాలూ తిరిగి, వానతో పచ్చిక మీద పడుతుంది. ఆ పచ్చికను ఆవు మేస్తుంది. ఆ పాలు బిడ్డ తాగుతుంది. మన శరీరం దాన్ని కాల్షియం అనుకుని మోసపోయి ఎముకలలోనూ, పళ్లలోనూ దాచుకుంటుంది. అందులో సగం తరిగిపోవడానికే సుమారు 29 ఏళ్లు కావాలి.

1961లో మొదటి ఫలితాలు వెలువడ్డాయి. పరీక్షలు పెరిగినకొద్దీ పిల్లల పళ్లలో ఆ విషమూ పెరుగుతూ వచ్చిందని తేలింది. ఆ ఏడు నవంబరు 1న అమెరికా నగరాలలో వేలాది స్త్రీలు ఇంటిపనులు ఆపి వీధులలోకి వచ్చి, ఈ పరీక్షలు ఆపమన్నారు. మనవాళ్లూ వూరుకోలేదు. పరీక్షలు నిలపాలని నెహ్రూగారు 1954లోనే ప్రపంచాన్ని కోరారు. 1962లో రాజాజీ 83 ఏళ్ల వయసులో వాషింగ్టన్ దాకా వెళ్లి ఆ మాటే కెనెడీగారికి ముఖాముఖి చెప్పి వచ్చారు. 1963 ఆగస్టు 5న అమెరికా, రష్యా, బ్రిటన్ ప్రభుత్వాలు మాస్కోలో సంతకాలు చేశాయి. ఇక గాలిలో, నీళ్లలో, అంతరిక్షంలో అణుపరీక్షలు చేయబోమన్నారు. పళ్లవల్లనే ఇదంతా జరిగిందని నేననను. అంతకుముందు ఏడు క్యూబా దగ్గర యుద్ధం అంచులదాకా వెళ్లిన భయమూ వుంది. కాని ఆ తల్లులు ఎవరిమీదా రాయి విసరకుండా, కాదనలేని నిజాన్ని తెచ్చి ప్రభువుల బల్ల మీద పెట్టారు.

మన తెలుగులో ఆగ్రహం అంటే కోపం. అందుచేత సత్యాగ్రహం అనగానే మనవాళ్లకు ఏదో అలక వంటిది స్ఫురిస్తుంది. సంస్కృతంలో ఆగ్రహమంటే గట్టిగా పట్టుకోవడం. నిజాన్ని పట్టుకుని వదలకపోవడమే సత్యాగ్రహం. పట్టుకునేది పాలపన్నంత చిన్నదైనా సరే, పట్టు మాత్రం వదలకూడదు.

మర్నాడు క్లాసులో ముందుగా ఆ కుర్రవాడికి క్షమాపణ చెప్పుకున్నాను. "నిన్న నీకు నిజం చెప్పవలసింది పోయి నా పెద్దరికం చూపించాను" అన్నాను. ఈసారి క్లాసు నవ్వలేదు. తరువాత ఈ పళ్లకథ చెప్పాను. వాడు శ్రద్ధగా విని మళ్లీ లేచాడు.

"బాంబులు ఇంకా వున్నాయి గదా సార్?"

"వున్నాయి. 12 వేలకు పైగా వున్నాయి. ఒప్పందం తరువాత పరీక్షలు భూమికిందికి పోయాయి. 1974లోనూ, 1998లోనూ మన పోఖ్రాన్‌లో జరిగినవీ భూమికిందే. ఫ్రాన్సూ, చైనా ఆ ఒప్పందంలో చేరనేలేదు. అయినా 1980 తరువాత ఏ దేశమూ గాలిలో బాంబు పేల్చి పరీక్షించలేదు. నిన్న మా అమ్మాయి విసిరిన పంటిలో అప్పటి పిల్లల పళ్లలో వున్నంత విషం లేదు."

"అయితే వాళ్లు సగమే గెలిచారు సార్."

"సగమే" అని ఒప్పుకున్నాను.

"మిగతా సగానికి ఏ పళ్లు పోగుచేయాలి?"

దానికి నా దగ్గర జవాబు లేదు. లేదనే చెప్పాను. వాడు నిలబడి ఆలోచిస్తూనే వున్నాడు. కూర్చోమని మాత్రం నేననలేదు.