నిప్పుల మీద చేప



చేప అనగానే మన ఇళ్లలో రెండే తలంపులు. ఒకటి పులుసు, రెండవది వేపుడు. పులుసు సంగతి నేను చెప్పనక్కరలేదు, మీలో చాలామంది నాకే నేర్పగలరు. వేపుడుకు మాత్రం మూకుడు నిండా నూనె కావాలి. వేపగా మిగిలిన నూనె చేప వాసన పట్టి మరి దేనికీ పనికిరాదు, పారబోయడానికి మనసొప్పదు. అందుకని ఈ నెల మూడవ దారి వ్రాస్తున్నాను. మసాలా పట్టించి నిప్పుల మీద కాల్చడం. పట్నపు హోటళ్లలో దీనికే గ్రిల్ అనీ తందూరీ అనీ పేరు పెట్టి ఖరీదు కడుతున్నారు గాని, కుంపటి ఉన్న ఏ ఇంట్లోనైనా చేసుకోవచ్చు. కిలో చేపకు రెండు పెద్ద చెంచాల నూనె చాలు.

ముందు చేపను గూర్చి. కాల్చడానికి అన్ని చేపలూ ఒకే తీరుగా ఒదగవు. కానాగంతలు, కవళ్లు ఒంట్లో కొవ్వు ఉన్న చేపలు గనుక నిప్పు మీద ఎండిపోవు. ధర కూడా అందుబాటులోనే ఉంటుంది. డబ్బుంటే చందువ, పండుగప్ప. వంజరం ముక్కలు కూడా బాగుంటాయి, కాని బొటనవ్రేలి మందాన కోయించాలి, పలుచనైతే చెక్కలా ఎండుతుంది. సముద్రం దూరమైన ఊళ్లవారికి చెరువు చేపలున్నాయి. కొరమీను మొదటి రకం. శీలావతి, బొచ్చె రుచికి తక్కువేమీ కావు, అయితే వాటి కండలో చీలిక ముళ్లు ఉంటాయి. చిన్నపిల్లలకు పెట్టేటప్పుడు పెద్దవారు వ్రేళ్లతో నలిపి చూచి మరీ పెట్టాలి.

తిలాపియాను చాలామంది చిన్నచూపు చూస్తారు. కొన్ని చోట్ల జిలేబీ చేప అంటారు. ఇది 1952లో మన దేశానికి తెచ్చిన చేప, ఏ చెరువులో వేసినా బ్రతుకుతుంది, ధర తక్కువ. ముళ్లు తక్కువ, చర్మం గట్టిది. కాల్చడానికి ఇంతకన్న అనుకూలమైన చెరువు చేప లేదని నా అభిప్రాయం. గలిలయ సముద్రతీరాన నేటికీ యాత్రికులకు 'పేతురు చేప' అని వడ్డించేది ఈ జాతి చేపనే. యోహాను సువార్త 21వ అధ్యాయంలో ఒడ్డున బొగ్గుల నిప్పు మీద చేప ఉన్న సంగతి మనకందరికీ తెలిసినదే. అది ఏ రకం చేపో అక్కడ వ్రాయబడలేదు గనుక నేను చెప్పను.

ఇప్పుడు కొంచెం ఆగి చదవండి. మసాలా ఘాటుగా పట్టించి కాలుస్తాం గనుక కొంచెం వాడిన చేప అయినా సరిపోతుందిలే అనుకునేవారున్నారు. ఇది ప్రమాదకరమైన తలంపు. కానాగంతలు, కవళ్లు, ట్యూనా వంటి చేపలు ఐసు లేకుండా ఎండలో కొన్ని గంటలు ఉంటే వాటి కండలో హిస్టమిన్ అనే పదార్థం పుడుతుంది. ఒకసారి పుట్టినది ఉడికించినా పోదు, కాల్చినా పోదు, నిమ్మరసానికీ లొంగదు. అటువంటి చేప తిన్న కొద్ది నిమిషాలకో గంటకో ముఖం ఎర్రబడుతుంది, ఒళ్లు దురద పెడుతుంది, నోరు చిమచిమలాడుతుంది, తలనొప్పి, వాంతులు పట్టుకుంటాయి. మనవాళ్లు చేప పడలేదంటారు. పడకపోవడం కాదు, చేప పాడవడం. ఊపిరి ఆడకపోయినా, గుండె దడ హెచ్చినా ఇంటి వైద్యంతో ఆలస్యం చేయక ఆసుపత్రికి తీసుకువెళ్లాలి.

కాబట్టి సంతలో నిలబడి కన్ను చూడండి. ఉబ్బి, తేటగా ఉండాలి, లోపలికి పోయి మసకబారి ఉండకూడదు. మొప్ప ఎత్తి చూడండి, ఎర్రగా ఉండాలి. కండను వ్రేలితో నొక్కితే గుంట నిలవకూడదు. అమ్మే ఆమె విసుక్కుంటుంది. విసుక్కోనివ్వండి, డబ్బు మనది, తినేది మన పిల్లలు. 2018లో కేరళలో ఫార్మలిన్ కలిపిన చేపలు క్వింటాళ్ల కొద్దీ పట్టుబడ్డాయి. ఆ మందును కంటితో కనిపెట్టడం కష్టం. తెలిసిన మనిషి దగ్గర, మన ఊరి చెరువు చేపనో దగ్గరి రేవు చేపనో కొనడమే మనకున్న కాపుదల. కొన్నది సంచిలో వేసి, సంతలో మిగిలిన పనులన్నీ చూచుకుని మధ్యాహ్నానికి ఇల్లు చేరడం మంచిది కాదు. చేప చివరగా కొనండి.

ఇంటికి తెచ్చాక పొలుసు తీసి, పొట్ట శుభ్రం చేసి, లోపల వెన్నుముల్లు వెంబడి ఉండే నల్లని నెత్తురు గీతను గోటితో గీకివేయండి. నీచువాసన చాలామట్టుకు అక్కడిదే. కాల్చే చేపకు తల, తోక ఉంచితేనే మేలు, విరిగిపోకుండా ఉంటుంది. రాళ్ల ఉప్పు, కొంచెం బియ్యప్పిండి వేసి రుద్ది రెండు మూడు నీళ్లు కడగండి. ప్రక్కలకు అంగుళానికొక గాటు చొప్పున ముల్లు తగిలేదాకా ఏటవాలుగా పెట్టండి. అటుపైన చేపను గుడ్డతో బాగా తుడవాలి. ఈ తుడవడం చాలామంది చేయరు. తడి చేపకు మసాలా అంటదు, జాలీకి మాత్రం అంటుకుంటుంది.

మసాలాను రెండు విడతలుగా పట్టించడం నా పద్ధతి. కిలో చేపకు రెండు చిన్న చెంచాల ఉప్పు, అర చెంచా పసుపు, ఒక నిమ్మకాయ రసం కలిపి మొదట రాసి పావుగంట ఉంచండి. ఉప్పు చేపలోని నీటిని బయటికి లాగుతుంది. ఆ నీటిని వంచేయండి. రెండవ విడతకు రెండు చెంచాల కారం, ఒక చెంచా ధనియాల పొడి, అర చెంచా జీలకర్ర, అర చెంచా మిరియాలు, రెండు చెంచాల అల్లం వెల్లుల్లి ముద్ద, రెండు పెద్ద చెంచాల నూనె. కరివేపాకు నూరి కలిపితే వాసన బాగుంటుంది. పిల్లలున్న ఇంట్లో కారం సగం చేసి మిరియాలు మానేయండి. రక్తపోటు ఉన్న పెద్దవారికి రెండు ముక్కలు ఉప్పు తగ్గించి వేరుగా తీసి ఉంచడం మరువవద్దు. ముద్దను గాట్లలోకి, పొట్టలోకి వ్రేలితో కూరాలి. పైపైన పూస్తే అది నిప్పుల్లో రాలిపోతుంది.

ఎంతసేపు నానాలి? మాంసంలాగా రాత్రంతా నానబెట్టనక్కరలేదు. చేప కండ మెత్తనిది. పులుపు ఎక్కువసేపు తగిలితే కండ తెల్లబడి, పైన ఉడికినట్లు కనబడి, కాల్చేసరికి పిండిపిండిగా రాలుతుంది. ఇలా తెల్లబడినంత మాత్రాన అది ఉడికినట్లు కాదు, అందులోని క్రిములు చచ్చినట్లూ కాదు. అరగంట చాలు, గంట దాటవద్దు. ఎండాకాలంలో అరగంటకు మించి బయట ఉంచనేకూడదు. ఫ్రిజ్ ఉన్నవారు అందులో పెట్టుకోవచ్చు. స్టీలు గిన్నెలోనో పింగాణీ పళ్లెంలోనో నానబెట్టండి. అల్యూమినియం గిన్నెను పులుపు తింటుంది. నానిన గిన్నెలో అడుగున మిగిలిన ముద్దను కాలిన చేప మీద పూయవద్దు, అది పచ్చి చేప నీరు.

నిమ్మకాయ లేకపోతే చిక్కని చింతపండు గుజ్జు వాడవచ్చు. ఇరాక్ దేశంలో టైగ్రిస్ నది చేపను వీపు వైపు నుండి పుస్తకంలా చీల్చి, ఉప్పు, పసుపు, చింతపండు పట్టించి, కట్టెల మంట ప్రక్కన నిలబెట్టి నిదానంగా కాలుస్తారు. మస్‌గూఫ్ అంటారు. అది మన బొచ్చె కుటుంబపు చేపే. అరబ్బులు చింతపండును 'భారత దేశపు ఖర్జూరం' అని పిలిచారు, ఇంగ్లీషు పేరు టామరిండ్ అందులోనుండే వచ్చింది.

ఇక నిప్పు. కుంపటిలో బొగ్గులు పోసి కొబ్బరి పీచుతోనో మొక్కజొన్న కండెలతోనో అంటించండి. కిరోసిన్ పోయవద్దు, ఆ వాసన చేపకు పడుతుంది. మంట ఆరి, బొగ్గుల మీద తెల్లని బూడిద పొర వచ్చేదాకా చేప పెట్టకూడదు. మంటలో పెడితే పైన మాడి లోపల పచ్చిగా ఉంటుంది, పొగచూరు చేదు వేరే. చెయ్యి జాలీకి బెత్తెడు పైన పెట్టి లెక్కపెట్టండి. రెండు అంకెలు లెక్కించేలోపే చెయ్యి తీయవలసి వస్తే ఇంకా ఆగాలి, నాలుగైదు వరకు ఓర్చుకోగలిగితే వేడి సరిపోయింది. పుల్కాలు కాల్చే జాలీ చిన్నచేపలకు చాలుతుంది. కోళ్ల గూడుకు కొట్టే జింకు పూత తీగ మాత్రం వాడవద్దు, వేడికి ఆ పూత తిండిలోకి వస్తుంది.

కుంపటి బయట పెట్టండి. వాకిట్లోనో పెరట్లోనో, గాలి ఆడే చోట. వాన పడుతున్నదనీ చలి వేస్తున్నదనీ గదిలోకి తెచ్చి తలుపులు వేయకండి. బొగ్గు కాలేటప్పుడు కార్బన్ మోనాక్సైడ్ వెలువడుతుంది. దానికి రంగు లేదు, వాసన లేదు. తల నొప్పి, తల తిరగడం, వికారం, తర్వాత మత్తు. మంట లేదు, పొగ లేదు, ఎర్రని నిప్పులే గదా అని వంట అయ్యాక వెచ్చదనానికి ఆ కుంపటిని పడకగదిలో పెట్టుకున్న కుటుంబాలు నిద్రలోనే పోయిన సంగతులు ప్రతి చలికాలం పత్రికల్లో వస్తున్నాయి. పని అయిన వెంటనే నీళ్లు చల్లి నిప్పు పూర్తిగా ఆర్పండి. ఆరిన బొగ్గులు ఎండబెడితే మరలా పనికివస్తాయి.

జాలీని ముందు బాగా కాగనిచ్చి, ఉల్లిపాయ సగం నూనెలో ముంచి దాని మీద రుద్దండి. తర్వాత చేప పెట్టండి. పెట్టాక కదపవద్దు. అడుగు కాలిన చేప తనంతట తాను జాలీని వదులుతుంది. వదలలేదంటే ఇంకా కాలలేదన్నమాట. పావుకిలో కానాగంతకు ఒక్కొక్క వైపు అయిదారు నిమిషాలు, అంగుళం మందం ముక్కకు మొత్తం పది నిమిషాలు. ఒక్కసారే తిప్పాలి. గాటు దగ్గర విప్పి చూస్తే కండ గాజులాగా కనబడకుండా తెల్లగా పొరలుగా విడాలి, ముల్లు దగ్గర ఎరుపు ఉండకూడదు. కొవ్వు కారి మంట లేస్తే చేపను ప్రక్కకు జరపండి. నల్లగా మాడిన చోట గీకి పారవేయండి, ఆ మాడు ఒంటికి మంచిది కాదు.

జాలీ లేనివారు అరటి ఆకును నిప్పు మీద కొంచెం వాడ్చి, చేపను అందులో చుట్టి, నారతో కట్టి, పెనం మీద మూత వేసి సన్నని సెగను రెండు వైపులా కాల్చుకోవచ్చు. పొగ వాసన రాదు గాని రసం పోదు. పళ్లు లేని ముసలివారికి ఇదే నయం.

ఒక మాట. చేప వండిన రోజున ఇల్లాలు అందరికీ వడ్డించి, చివరకు తోక ముక్కతో పులుసు కలుపుకోవడం మన ఇళ్లలో ఆచారమైపోయింది. కాల్చిన చేప వేడిగా ఉండగానే తినాలి, ఆరితే బిరుసెక్కుతుంది. గనుక కుంపటి దగ్గర విసనకర్ర పట్టే పని అయ్యగారికి అప్పగించండి. బయటి పని గనుక వారు ఒప్పుకుంటారు, పైగా తామే వండామని చెప్పుకుంటారు. చెప్పుకోనివ్వండి. మీరు పిల్లలతోపాటు కూర్చుని తినండి. గర్భవతులకు, పాలిచ్చే తల్లులకు చేపలోని మాంసకృత్తులు, మంచి కొవ్వు ఎంతో అవసరం. వారికి తోక ముక్క చాలదు.

ప్రక్కన పచ్చి ఉల్లిపాయ చక్రాలు, నిమ్మచెక్క, వేడి అన్నం, పప్పుచారు ఉంటే మరేమీ అక్కరలేదు. మిగిలిన చేపకు ముళ్లు తీసి, చిదిపి, ఉల్లి, పచ్చిమిరప తాలింపులో తిప్పితే రాత్రికి పొరటు అవుతుంది. ఫ్రిజ్ లేని ఇంట్లో మరుసటి రోజుకు ఉంచవద్దు. జాలీని వేడి తగ్గకముందే బూడిద, కొబ్బరి పీచుతో తోమండి. చల్లారితే మసాలా పట్టేసి గంటసేపు తోమినా వదలదు.