బెసలేలు అను పేరు

గత సంవత్సరము వేసవి సెలవులకు కొలది దినములు ముందు ఒక తండ్రి తన కుమారుని వెంటబెట్టుకొని మా యొద్దకు వచ్చెను. ఆయన వడ్రంగి. కుమారుడు తొమ్మిదవ తరగతి విద్యార్థి. పదవ తరగతి పరీక్షకు పేర్లు పంపకమునుపే పాఠశాల పట్టికలో బాలుని పేరు మార్పించుట సాధ్యమగునా అని ఆయన అడిగెను. ఆ బాలుని పేరు బెసలేలు.

"మాస్టరుగారూ, ఇది మా నాయనగారు బైబిలు తెరచి పెట్టిన పేరు. మార్చవలెనని నాకు లేదు. వీడే ఒప్పుకొనడు. తోటి పిల్లలు 'బస్సు లేదు, బస్సు లేదు' అని వెక్కిరించుచున్నారట," అని తండ్రి చెప్పెను. ఏ పేరు కావలెనని బాలుని అడుగగా, "డేవిడ్ అని వ్రాయించండి, సార్," అనెను. ఉన్న పేరునకు అర్థమేమో తెలియునా అని అడిగితిమి. తండ్రియు కుమారుడును ఒకరి ముఖమొకరు చూచుకొనిరి. కొంతసేపటికి బాలుడు తల వంచుకొని, "అర్థము తెలియదు, సార్. అతడు వడ్రంగి అని మాత్రము సండేస్కూలులో చెప్పిరి," అనెను.

ఆ చివరి మాట మా మనస్సును గ్రుచ్చినది. వెక్కిరింత యొక కారణమే. అసలు కారణము వేరొకటి కలదని అప్పుడు తెలిసినది. అందులో మా పాలు ఎంతయో ముందు చెప్పుదుము. మొదట ఆ పేరును గూర్చి మేమెరిగినంత వరకు మన విద్యార్థుల యెదుట నుంచుట మా విధి.

బెసలేలు అనునది హెబ్రీ నామము. దీనిలో మూడు పదములు చేరియున్నవి. "బె" అనగా "లో". "త్సేల్" అనగా "నీడ". "ఏల్" అనగా "దేవుడు". మన భాషలో "లో" అనునది పదమునకు వెనుక వచ్చును. హెబ్రీలో ముందు వచ్చును. హెబ్రీలోని "త్స" ధ్వని మన బైబిలులో "స"గా మారినది. చివరి ఉకారము తెలుగు వాడుకను బట్టి చేరినది. దానియేలు, సమూయేలు, మీకాయేలు, గబ్రియేలు అను పేర్ల చివరనున్న "ఏలు"యే ఇక్కడను ఉన్నది. కాబట్టి ఈ పేరునకు "దేవుని నీడలో" అని అర్థము.

నీడ యనగానే మనకు చీకటి తోచవచ్చును. సీనాయి అరణ్యములో నడచిన జనమునకు అట్లు తోచియుండదు. అక్కడ నీడ యనగా ప్రాణము. బండ నీడ దొరకినవాడు బ్రదుకును. అందుచేతనే పరిశుద్ధ గ్రంథములో నీడ అను మాట ఆశ్రయమునకును కాపుదలకును పలుమారు వాడబడినది. 91వ కీర్తన మొదటి వచనమే యిందుకు సాక్ష్యము. మన తెలుగువారికి ఈ భావము క్రొత్తది కాదు. దిక్కులేనివానిని "నిలువ నీడ లేనివాడు" అందుము. ఉపకారి యొద్ద బ్రదుకువాడు "వారి నీడను ఉన్నాను" అనును. ఎండ యెరిగిన దేశములు రెండును నీడ విలువను ఒకే తీరున గ్రహించినవి.

పరిశుద్ధ గ్రంథములో ఈ పేరు గలవారు ఇద్దరే. ఒకరు ఎజ్రా గ్రంథము 10వ అధ్యాయములోని పట్టికలో పేరు మాత్రము కనబడువాడు. రెండవవాడు యూదా గోత్రపు హూరునకు మనుమడు, ఊరునకు కుమారుడు. నిర్గమకాండము 31వ అధ్యాయములో దేవుడు మోషేతో మాటలాడుచు, ఇతనిని పేరు పెట్టి పిలిచితిననియు, జ్ఞానమును వివేకమును తెలివియు సమస్తమైన పనుల నేర్పును కలుగునట్లు తన ఆత్మతో నింపితిననియు సెలవిచ్చెను. అంతకుముందు యోసేపు విషయములో దేవుని ఆత్మను గూర్చి ఫరో పలికెను; యాజక వస్త్రములు కుట్టువారిని గూర్చి వారి పేర్లు లేకుండ దేవుడు పలికెను. దేవుడే స్వయముగా ఒకని పేరు చెప్పి, వానిని నా ఆత్మతో నింపితినని పలుకుట మొట్టమొదట బెసలేలు విషయములోనే. అతడు రాజు కాడు, యాజకుడు కాడు, ప్రవక్త కాడు. బంగారు, వెండి, ఇత్తడి పనులు, రత్నములు చెక్కుట, కర్రపని నేర్చిన పనివాడు.

అతడు చేసిన పని యెట్టిదో చూడుడు. తుమ్మకర్రతో మందసమును చేసెను. దాని పొడవు రెండున్నర మూరలు, వెడల్పును ఎత్తును ఒకటిన్నర మూర. మేలిమి బంగారపు దీపవృక్షమును చేసెను. ముక్కలు అతికింపక, ఏడు దీపములుగల ఆ వృక్షమును బాదము పువ్వులతోను మొగ్గలతోను సహా ఏకాండముగ నకిషి పనిగా చేసెను. ఒక్క దెబ్బ తప్పినను ఎంత పని చెడునో కంసాలి యెరుగును.

పని నైపుణ్యమునకు మించినది ఆ పనివారి నమ్మకము. 36వ అధ్యాయములో జనులు ప్రతి ఉదయమును కానుకలు తెచ్చుచుండగా, పనివారు మోషే యొద్దకు పోయి, కావలసినదానికంటె ఎక్కువ వచ్చినదని చెప్పిరి. ఇక తేవద్దని పాళెములో చాటింపు వేయించిరి. చేతికందిన సొమ్మును చాలునని చెప్పిన పనివారిని లోకములో ఎందరిని చూతుము? లెక్కయు అట్లే ఉన్నది. ఇరువదియేండ్లు నిండిన మగవారు 6,03,550 మంది అర షెకెలు చొప్పున ఇచ్చిన వెండి 3,01,775 షెకెలులు. కిక్కారు అను తూనికకు 3,000 షెకెలులు గనుక, అది 100 కిక్కారులును 1,775 షెకెలులును అయినది. 38వ అధ్యాయము ఆ 100 కిక్కారులు 100 దిమ్మలకును, మిగిలినది వంకులు మొదలగువాటికిని వ్యయమైనదని చెప్పుచున్నది. విద్యార్థులు ఈ లెక్కను తామే కట్టి చూచుకొనవచ్చును.

ఇంకొక సంగతి కలదు. 31వ అధ్యాయములో దేవుడు బెసలేలును పిలిచెను. 35వ అధ్యాయములో పని యారంభమాయెను. ఆ రెండింటి నడుమ, 32వ అధ్యాయములో, బంగారు దూడ కథ యున్నది. ఆ దూడకును జనుల చెవిపోగుల బంగారమే. గుడారపు పనికిని జనుల నగల బంగారమే. అక్కడను పనిముట్టు పట్టిన చేయి యున్నది, ఇక్కడను ఉన్నది. భేదమెందున్నది? ఎవరి నీడను కూర్చుండి ఆ చేయి పని చేసినదో దానియందే యున్నది. బెసలేలు అను పేరునకు ఇంతకంటె మంచి వ్యాఖ్యానము మాకు తెలియదు.

అయితే ఈ పేరును చిన్నచూపు చూచిన పండితులును లేకపోలేదు. క్రీస్తు శకము మొదటి శతాబ్దిలో అలెక్సంద్రియలో నివసించిన ఫిలో అను యూదు తత్త్వవేత్త, "దేవుని నీడలో" అను అర్థమును చెప్పియే, మోషే మూలరూపములను రూపించెననియు బెసలేలు వాటి నీడలను మాత్రమే రూపించెననియు తలంచెను. అనగా తలతో చేయు పని ఉత్తమము, చేతితో చేయునది దానికి ఛాయ అని భావము. ఆ తత్త్వవేత్త యెడల మాకు గౌరవమున్నను, ఈ మాటను మేమొప్పుకొనజాలము. దేవుని ఆత్మ జ్ఞానమును ఒక పాత్రలోను, చేతిపనిని వేరొక పాత్రలోను పోయలేదు; ఒక్క మనుష్యునియందే రెండింటిని నింపినది.

యూదుల తల్ముదు గ్రంథములోని ఒక కథ మా పక్షమున నిలుచుచున్నది. మోషే బెసలేలుతో, మందసమును ఉపకరణములను చేసి పిమ్మట గుడారమును చేయుమని చెప్పెనట. దానికి బెసలేలు, "లోకములో ముందు ఇల్లు కట్టి తరువాత సామానులు చేర్చుదురు గదా, ముందే ఉపకరణములు చేసినచో వాటిని ఎక్కడ ఉంచుదును? దేవుడు నీతో గుడారమునే ముందు చెప్పియుండునేమో," అనెనట. మోషే ఆశ్చర్యపడి, నిజమే, నీవు దేవుని నీడలో ఉండి వింటివి కాబోలు అనెనట. ఇది కథయే. అయినను పనివాని తెలివి పుస్తకపు తెలివికి తీసిపోదని ఆ పండితులు గ్రహించిరని దీనివలన తెలియుచున్నది.

బెసలేలు చేసిన ఇత్తడి బలిపీఠము సొలొమోను కాలము వరకు గిబియోనులో ఉండెనని దినవృత్తాంతముల రెండవ గ్రంథము 1వ అధ్యాయము చెప్పుచున్నది. సొలొమోను దాని యొద్దనే బలులర్పించెను. ఆ రాత్రియే దేవుని జ్ఞానమడిగెను. జ్ఞానులలో పేరెన్నికగన్న రాజు ఒక పనివాని చేతిపని యొద్దకు వచ్చి ఆరాధించిన రాత్రియే జ్ఞానము పొందెననుట మరువదగినది కాదు.

తరువాతి కాలములో యూదులు ఈ పేరును పూర్తిగా విడువలేదు. ప్రాగ్ నగరములో 1609లో మరణించిన మహాపండితుడు యూదా లోవు తండ్రి పేరు బెసలేలు. 1906లో బోరిస్ షాట్స్ అను శిల్పి యెరూషలేములో ఒక కళా పాఠశాలను స్థాపించి దానికి ఈ పేరే పెట్టెను. అది 1929లో మూతపడి, 1935లో మరల తెరువబడి, నేటికిని నడచుచున్నది. మన సంఘములలో మాత్రము దావీదులు, దానియేలులు, సమూయేలులు పెక్కుమంది యున్నారు, బెసలేలులు అరుదు. రాజుల పేర్లును ప్రవక్తల పేర్లును పెట్టుకొనుటకు మనము వెనుదీయము. పనివాని పేరు పెట్టుకొనుటకు మాత్రము జంకుదుము. దీనికి కారణము పేరు పలుకుటలోని కష్టము కాదని మా అభిప్రాయము. పనిని గూర్చి మన హృదయములలోనున్న తక్కువ భావమే కారణము.

ఇప్పుడు మా తప్పును చెప్పుకొనవలెను. ఆ బాలుడు చదువు తరగతిలో బీజగణితము రాని పిల్లలను గద్దించుచు, "చదువుకొనక పోయినచో బాడిశ పట్టుకొనవలసినదే," అని మేము పలుమారు అన్నాము. ఆ మాటను మా గురువుల యొద్ద వింటిమి. ఆలోచింపక మేమును అంటిమి. బాడిశ పట్టి ఇంటిల్లిపాదిని పోషించుచున్న తండ్రి కుమారుడు ముందు వరుసలో కూర్చుండి ఆ మాట వినుచుండెనని మాకు తోచనే లేదు. తోటి పిల్లలు అతని పేరును మాత్రమే వెక్కిరించిరి. మేము అతని తండ్రి చేతులను వెక్కిరించితిమి. నజరేతులో వడ్రంగి యని పిలువబడిన ప్రభువును ప్రతి ఉదయమును ప్రార్థించి, తరగతిలో ఈ మాట అనుట ఎంత విపరీతము!

ఆ దినమున ఆ తండ్రి యెదుటనే బాలునితో మా తప్పు ఒప్పుకొంటిమి. పేరు అర్థమును, పైన వ్రాసిన సంగతులలో కొన్నింటిని చెప్పితిమి. బాలుడు వినెను, ఏమియు అనలేదు. తండ్రి మాత్రము, "దీపవృక్షము అతుకు లేకుండ చేసినాడా, మాస్టరుగారూ?" అని రెండుమారులు అడిగెను. పేరు మార్చు దరఖాస్తును మేము చింపలేదు, నింపలేదు. సెలవులలో ఆలోచించుకొని రమ్మంటిమి. పేరు మోయవలసినవాడు అతడు గనుక, నిర్ణయమును అతనిదే. పాఠశాల తెరచిన పిమ్మట ఆ దరఖాస్తును గూర్చి అతడింకను మమ్మడుగలేదు. మేమును అతని నడుగలేదు.

తలిదండ్రులకు మా మనవి యేమనగా, బిడ్డకు పేరు పెట్టినప్పుడే దాని అర్థమును కథను తెలిసికొని, బిడ్డ ఎదుగగానే చెప్పుడు. అర్థము తెలియని పేరు బరువు. తెలిసిన పేరు ఆస్తి. విద్యార్థులారా, తోటివాని పేరును సరిగా పలుకుట స్నేహములో మొదటి మెట్టని మరువకుడు. ఉపాధ్యాయ సోదరులారా, చేతిపనిని శిక్షగా చూపి చదువునకు బెదరించు మాటను మనము ఈ సంవత్సరముతో మానుదము.

తుదకు ప్రధానోపాధ్యాయులవారికి ఒక విన్నపము. నిర్గమకాండము 35వ అధ్యాయములో బెసలేలునకును అతని తోడివాడైన అహోలీయాబునకును ఇతరులకు నేర్పు బుద్ధిని గూడ దేవుడు పుట్టించెనని యున్నది. అనగా వారును మనవలె బోధకులే. మన విద్యార్థుల తలిదండ్రులలో వడ్రంగులు, కమ్మరులు, నేతగాండ్రు, తాపీపనివారు కలరు. నెలకొక శనివారము వారిలో నొకరిని పిలిచి, ఒక గంటసేపు తమ పనిని మన పిల్లలకు చూపుమని కోరుదము. రెండు కర్రలు మేకు లేకుండ ఎట్లు అతుకునో మాకును తెలియదు. ఆ దినమున మేమును పిల్లలతోబాటు బల్లపై కూర్చుండి నేర్చుకొనుటకు సిద్ధముగా నున్నాము.