తవ్వుకున్నది ఎవడు? నోటీసు ఎవరికి?

రెండెకరాల మెట్ట, అందులో సగం బండ. జొన్న కూడా సరిగా పండని ఆ చెలక మీదికి ఒకనాడు కాంట్రాక్టరు మనిషి వచ్చాడు. కాగితం మీద వేలిముద్ర వేయించుకుని, నాలుగు నోట్లు చేతిలో పెట్టి పోయాడు. రెండేళ్లు కంకర తోలారు. గుట్ట పోయింది, గుంట మిగిలింది, కాంట్రాక్టరు అయిపు లేడు. ఇప్పుడు ఆ రైతుకు నోటీసు వచ్చింది: సీనరేజి కట్టు, దాని మీద జరిమానా కట్టు, లేకుంటే భూమి జప్తు! ఇలాంటి కాగితాలు పట్టుకుని మన సంఘం ఆఫీసు మెట్లెక్కేవాళ్లు ఏడాదిలో సగం రోజులు కూలికి పోయేవాళ్లే. కొందరు అదే క్వారీలో రాళ్లు కూడా కొట్టారు.

చట్టం ఏమంటున్నది? 1957 నాటి గనుల చట్టం 15వ సెక్షన్ ప్రకారం కంకర, గ్రావెల్ వంటి చిన్నతరహా ఖనిజాలకు రాయల్టీ కట్టవలసింది లీజు పొందినవాడు. అనుమతి లేకుండా తవ్వితే 21వ సెక్షన్ ప్రకారం ఆ ఖనిజాన్నీ, అది అమ్ముడైపోతే దాని ధరనూ, రాయల్టీనీ తవ్వినవాడి దగ్గరే రాబట్టాలి. పట్టాదారు తానే తవ్వి అమ్ముకుంటే అతనే బాధ్యుడు, మనం కాదనం. కానీ టిప్పర్లు ఎవరివో వెతకడం అధికారులకు కష్టం, పేదవాడి సర్వే నెంబరు దొరకడం సులువు. ఈ బకాయిని భూమిశిస్తు బకాయిలాగా వసూలు చేయవచ్చని 25వ సెక్షన్ చెబుతున్నది. ఇక తెల్లదొరల కాలం నాటి 1864 రెవెన్యూ రికవరీ చట్టం ఉండనే ఉంది.

కేరళలోని మలబారు జన్మి భూముల కేసులో 2013లో సుప్రీంకోర్టు, భూమి ఎవరిదో అడుగున ఉన్న రాయీ మామూలుగా వారిదేనన్నది. జన్మీల గెలుపు మనకు పండగేమీ కాదు, అయినా ఆ మాట చిన్న రైతుకూ పనికొస్తుంది. రాయల్టీ కట్టాలా వద్దా అన్నది మాత్రం ఆ తీర్పు తేల్చలేదు, పెద్ద బెంచి ముందు ఉన్నదని వదిలేసింది. తొమ్మిది మంది జడ్జీల బెంచి 2024 జులై 25న మాట్లాడింది. రాయల్టీ పన్ను కాదట, తవ్వుకునే హక్కు ఇచ్చినందుకు లీజుదారు చెల్లించే ప్రతిఫలమట. మరి లీజూ లేక, తవ్వకమూ లేక, లాభమూ లేనివాడు దేనికి చెల్లించాలి?

అదే బెంచి ఆగస్టు 14న గని హక్కుల మీద రాష్ట్రాలు వేసిన పాత పన్నుల సంగతి తేల్చింది. 2005 ఏప్రిల్ 1 నుంచి ఉన్న బకాయిలు కట్టడానికి 2026 ఏప్రిల్ నుంచి పన్నెండేళ్ల వాయిదాలు ఇచ్చింది. తీర్పు నాటి వరకు వడ్డీ లేదు, జరిమానా లేదు. గని కంపెనీలకు పన్నెండేళ్లు! మన మెట్టరైతుకు అప్పీలు తేలేదాకా ఆగమంటే ఆగరు. అప్పీలు నడుస్తుండగా జప్తు ఆపాలి, పేద పట్టాదారు మీద జరిమానా ఎత్తివేయాలి, ముందు తవ్వినవాడి ఆస్తి పట్టుకోవాలి. మనం అడిగేది ఇంతే.

ఒక మాట జాగ్రత్తగా వినండి. అప్పీలు వేసినంత మాత్రాన వసూలు ఆగదు, స్టే విడిగా అడగాలి. అప్పీలు వేశాం గదా అని ఇంట్లో కూర్చుంటే గుమ్మం ముందు దండోరా వేస్తారు. కాంట్రాక్టరు రాయించుకున్న కాగితం నకలు, టిప్పర్ల నెంబర్లు అప్పీలుకు జతచేయాలి. అన్నిటికన్నా ముఖ్యం కూలీల సాక్ష్యం. ఆ క్వారీలో రాళ్లు కొట్టినవాళ్లు ఎవరి చేతి మీదుగా కూలి తీసుకున్నారో రాసి సంతకాలు పెట్టాలి. నోటీసు వచ్చినవాళ్లు దాన్ని ఇంటి చూరులో దోపుకోకుండా, గడువు దాటకముందే మండల సంఘానికి తెచ్చి చూపించండి.