లైసెన్సు ఇచ్చే చెయ్యికీ హద్దుంది

బోధన్ నుంచి సాలూర మీదుగా మంజీర దాటితే మహారాష్ట్ర. ఇటు నిజామాబాద్‌లో కంకర, మొరం నిల్వ చేసి అమ్ముకునే డీలరుకు గనుల శాఖ లైసెన్సు ఉండాలి. సరే. మరి ఆ లైసెన్సు మీద సర్కారు తోచిన షరతల్లా రాయవచ్చునా?

రాయరాదు. 1957 గనుల చట్టంలో 1999లో చేర్చిన 23సి సెక్షన్ రాష్ట్రానికి అధికారమిచ్చింది అక్రమ తవ్వకం, రవాణా, నిల్వలను ఆపడానికి. 2000 నాటి ఖనిజ డీలర్ల నిబంధనలకు బలం అక్కడిదే. సరుకు ఎక్కడిది, సీనరేజి కట్టిన పర్మిట్టేదని అడగవచ్చు, అడగాలి కూడా. సక్రమంగా తవ్విన సరుకు ఎక్కడ అమ్మాలో శాసించడం వేరు. ఇసుక రాష్ట్రం దాటకూడదన్న గుజరాత్ నిబంధన చెల్లదని 2019లో సుప్రీంకోర్టు తేల్చింది. 23సి అంత దూరం పోదన్నది.

మంజీరను రాత్రిపూట తోడేసే వాళ్లకు ఈ తీర్పు రక్ష కాదు. ఇసుక పోతే ఒడ్డున చెరకు బోర్లు ఎండుతాయి. 2015లో శక్కర్‌నగర్ ఫ్యాక్టరీ మూతపడి నష్టపోయిన రైతుకు నీళ్లూ దక్కవద్దా? దొంగ లారీని వదిలేసి, బిల్లులున్న డీలరు మీద కొత్త షరతు పెడితే, అది ఏ నిబంధన కింద పెట్టారో రాతపూర్వకంగా అడగండి. సమాచార హక్కు చట్టం 2005 నుంచి మన చేతిలోనే ఉంది.