రాజీపత్రంలో కనిపించని కులం

కులదూషణ కేసు పెట్టిన కూలీ కొన్నాళ్లకు న్యాయస్థానానికి వచ్చి, ‘మా మధ్య ఇక ఏ వివాదమూ లేదు’ అని సంతకం చేస్తాడు. కాగితం మీద ఇద్దరు మనుషులు, రెండు సంతకాలు. కానీ ఆ ఇద్దరిలో ఒకరికి పొలం ఉంది. మరొకరు అదే పొలంలో కూలికి వెళ్లాలి. రాజీ అనేది సమానుల మధ్య కుదిరే ఒప్పందం. సమానత్వమే లేనిచోట దాన్ని రాజీ అనాలా, లొంగుబాటు అనాలా?

ప్రైవేటు వ్యక్తులు సర్దుకున్నప్పుడు క్రిమినల్ కేసును ముగించడం అన్నివేళలా తప్పు కాదు. అన్నదమ్ముల ఆస్తి తగాదాను, డబ్బు లావాదేవీని ఏళ్ల తరబడి సాగదీయడం వల్ల ఎవరికీ మేలు జరగదు. వివాదం ప్రధానంగా వ్యక్తిగతమైనదైతే, చట్టం రాజీకి అనుమతించని నేరాల్లోనూ హైకోర్టులు తమ స్వతస్సిద్ధ అధికారంతో కేసు కొట్టివేయవచ్చని 2012లో జ్ఞాన్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. హత్య, అత్యాచారం వంటి ఘోర నేరాలకు ఇది వర్తించదనీ స్పష్టం చేసింది.

ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కిందికి వచ్చే కేసులకు ఈ సూత్రాన్ని 2021 అక్టోబరులో రామావతార్ కేసు విస్తరించింది. జస్టిస్ ఎన్.వి. రమణ నాయకత్వంలోని త్రిసభ్య ధర్మాసనం, మధ్యప్రదేశ్‌లోని ఒక ఆస్తి తగాదాలో పడిన శిక్షను రాజీ ఆధారంగా రద్దు చేసింది. అయితే నేరం కులం కారణంగా జరిగి ఉండకూడదనీ, రాజీ వెనుక బలవంతం ఉండకూడదనీ, ఇలాంటి కేసుల్లో న్యాయస్థానాలు మరింత జాగ్రత్త వహించాలనీ చెప్పింది. ఆ జాగ్రత్తలను వదిలేసి ‘రాజీ కుదిరింది’ అన్న ముక్కనే పట్టుకోవడం తీర్పును సగమే చదవడం.

అసలు చిక్కు ‘వ్యక్తిగత వివాదం’ అన్న మాటలోనే ఉంది. పల్లెల్లో తగాదా గట్టు దగ్గరో, బోరు నీళ్ల దగ్గరో, కౌలు బాకీ దగ్గరో మొదలవుతుంది. 1985లో కారంచేడులో చెరువు నీళ్ల దగ్గర మొదలైన గొడవ ఆరుగురు దళితుల ప్రాణాలు తీసింది. 1991లో చుండూరులో సినిమాహాలులో కాలు తగిలిన గొడవ ముదిరి, సాంఘిక బహిష్కరణగా మారి, చివరికి ఎనిమిది మంది దళితుల హత్యకు దారితీసింది. మొదలు చిన్నదే. దాన్ని అంతదూరం తీసుకువెళ్లింది కులం. గొడవ పుట్టుకను మాత్రమే చూసి వ్యక్తిగతమని తేల్చేస్తే, అది పెరిగిన దారి కనుమరుగవుతుంది.

బాధితులు రాజీకి ఎందుకు వస్తారన్నదీ ఆలోచించాలి. అభియోగపత్రం దాఖలైన రెండు నెలల్లో వీలైనంత వరకు విచారణ ముగియాలని చట్టంలోని 14వ సెక్షన్ చెబుతోంది. వాయిదాలు ఏళ్ల తరబడి సాగితే కూలి డబ్బులు పోతాయి, సాక్షులు జారిపోతారు, ఊరి పెద్దమనుషుల ఒత్తిడి మాత్రం రోజూ ఇంటి గుమ్మంలోనే ఉంటుంది. అలసిపోయి పెట్టిన సంతకాన్ని మనస్ఫూర్తి సమ్మతిగా లెక్కించడం అన్యాయం.

పరిష్కారానికి కొత్త చట్టం అక్కరలేదు. 2016 జనవరి 26 నుంచి అమల్లో ఉన్న సవరణలతో వచ్చిన 15ఏ సెక్షన్, విచారణ ప్రక్రియ గురించి తెలుసుకునే హక్కును, తన మాట వినిపించుకునే హక్కును బాధితుడికి ఇచ్చింది. బెదిరింపుల నుంచి రక్షణనూ కల్పించింది. కేసు కొట్టివేయమన్న పిటిషన్ వచ్చినప్పుడు న్యాయమూర్తి నిందితుడు, అతని మనుషులు లేనిచోట బాధితుడితో మాట్లాడాలి. పని ఆగిపోయిందా, బహిష్కరణ జరిగిందా, చట్టప్రకారం రావలసిన పరిహారం అందిందా అని అడగాలి. ఆ జవాబులు ఉత్తర్వులో నమోదు కావాలి.

కులదూషణ ఒక్క మనిషికి తగిలిన మాట కాదు. వాడవాడంతటికీ వినిపించిన హెచ్చరిక. దాన్ని ఇద్దరి మధ్య కాగితంతో ముగించే ముందు, ఆ సంతకం స్వేచ్ఛగా పడిందని నమ్మకం కుదరాలి. ఆ నమ్మకం కలగనప్పుడు కేసు కొనసాగాల్సిందే.